డెబ్బై పైసల వడ్డీయే కదా అనుకునే ముందు: హోమ్ లోన్ అసలు ఖర్చు లెక్కేసుకునేది ఎట్టా

మొన్న మా మామ కొడుక్కని తిరుచానూరు రోడ్డులో ఫ్లాట్ చూసొచ్చినాడు. బేరం 40 లక్షలకి తెగిందంట, చేతిలో 10 ఉన్నాయి, మిగతా 30 లక్షలు బ్యాంకు లోన్. వడ్డీ ఎంత మామా అంటే ఎనిమిదిన్నర అన్నాడు, మళ్ళీ ఆయనే వేళ్ళ మీద లెక్కేసి "నెలకి నూటికి డెబ్బై పైసలు రా అబ్బయా, మనూర్లో రెండ్రూపాయలకి తక్కువ ఎవుడిస్తాడు చెప్పు, ఇది ఊరికే ఇచ్చినట్టే" అన్నాడు.

మామ లెక్క తప్పేం కాదు. 8.5ని 12తో భాగిస్తే 0.708, అంటే నూటికి 71 పైసలే. రెండ్రూపాయల వడ్డీ అంటే ఏడాదికి 24 శాతం, దాని పక్కన పెడితే ఇది నిజంగానే చవక. కానీ ఊర్లో తెచ్చిన అప్పు మామిడి డబ్బు చేతికి రాగానే ఏడాదికో రెండేళ్ళకో తీర్చేసి నోటు చించేసుకుంటాం, బ్యాంకు అప్పు 20 ఏళ్ళు మనింట్లోనే కాపురం ఉంటుంది. అందుకే హోమ్ లోన్‌లో రేటు కన్నా నెలల సంఖ్యే ఎక్కువ తినేస్తుంది, ఈ ఒక్క ముక్క మామకి ఎక్కించడానికి నాకు ఒక సాయంత్రం, మూడు కాఫీలు పట్టింది. ఆరోజు కాగితం మీద వేసిన లెక్కలే ఇక్కడ రాస్తున్నా, మీ లోన్ అంకెలు పెట్టుకుని మీరూ వేసుకోండి.

ముందు గుణకారం

30 లక్షలు, 8.5 శాతం, 20 ఏళ్ళు అని ఫోన్‌లో ఏ ఈఎంఐ కాలిక్యులేటర్‌లో కొట్టినా 26,035 వస్తుంది. దాన్ని 240 నెలలతో గుణించండి, 62 లక్షల 48 వేలు. తీసుకున్నది 30, కాబట్టి వడ్డీ ఒక్కటే 32 లక్షల 48 వేలు. మామ రొంతసేపు ఏం మాట్లాడలా, తర్వాత నువ్వేదో తప్పు కొట్టినావు ఇంకోసారి కొట్టు అన్నాడు. కొట్టినా. అదే వచ్చింది.

ఇప్పుడు రేటు ముట్టుకోకుండా ఏళ్ళు మాత్రం మార్చి చూడండి. 15 ఏళ్ళకైతే ఈఎంఐ 29,542, మొత్తం వడ్డీ 23 లక్షల 18 వేలు. 25 ఏళ్ళకి ఈఎంఐ 24,157, వడ్డీ 42 లక్షల 47 వేలు. 30 ఏళ్ళకి ఈఎంఐ 23,067, వడ్డీ 53 లక్షలు దాటుతుంది. 20 నుంచి 30 ఏళ్ళకి పోతే నెలకి మనకి మిగిలేది మూడు వేల లోపే, దానికోసం ఎక్కువ కట్టేది 20 లక్షల 56 వేలు. అదే 15కి దిగితే నెలకి 3,500 ఎక్కువ పడుతుంది కానీ 9 లక్షల 30 వేలు మిగుల్తుంది. లోన్ ఏజెంటు ఎప్పుడూ "నెలకి ఎంత కట్టగలరు సార్" అనే మొదలుపెడతాడు చూడండి, మనం ఒక అంకె చెప్పగానే దానికి సరిపోయేలా ఏళ్ళు సాగదీస్తాడు. మీరు తిరగేసి అడగండి, మొత్తం మీద ఎంత కడతాను, ఎన్ని నెలలు కడతాను అని.

రేటులో పావు శాతం కూడా చిన్నదేం కాదు. ఇదే లోన్ 8.75కి తీసుకుంటే నెలకి 476 రూపాయలే ఎక్కువ, 20 ఏళ్ళకి 1 లక్షా 14 వేలు. సిబిల్ స్కోరు (పాత అప్పులు సరిగ్గా కట్టినామా లేదా అని చెప్పే అంకె) బాగుంటే రొంత బేరమాడండి, సిగ్గు పడాల్సిన పని లేదు, చీరల షాపులో వంద రూపాయలకి అరగంట బేరమాడతాం కదా.

ఈఎంఐని చీల్చి చూడడం

ఇది అందరూ చేయాల్సిన లెక్క, ఎవరూ చేయరు. బాకీ ఎంతుందో దాన్ని రేటుతో గుణించి 1200తో భాగించండి, అది ఆ నెల వడ్డీ. 30 లక్షలు ఇంటూ 8.5 బై 1200, మొదటి నెల 21,250. మనం కట్టిన 26,035లో అసలుకి పోయింది 4,785 రూపాయలు మాత్రమే. రెండో నెల బాకీ ఆ 4,785 తగ్గుతుంది కాబట్టి వడ్డీ ఒక ముప్పై నాలుగు రూపాయలు తగ్గుతుంది, అట్టా చీమ నడక నడుస్తుంది.

ఐదేళ్ళు కట్టినాక చూస్తే మన జేబులోంచి పోయింది 15 లక్షల 62 వేలు, బాకీ తగ్గింది మూడున్నర లక్షలు, ఇంకా 26 లక్షల 44 వేలు ఉంటుంది. పదేళ్ళకి, అంటే సగం దూరం వచ్చేసినాక, బాకీ ఇంకా 21 లక్షలు. వడ్డీ కన్నా అసలు ఎక్కువ పోయే నెల ఎప్పుడొస్తుందంటే దాదాపు పన్నెండేళ్ళకి. ఇందులో బ్యాంకు మోసమేం లేదు, బాకీ ఎక్కువున్నప్పుడు వడ్డీ ఎక్కువ, అంతే. కానీ ఐదారేళ్ళకి ఇల్లు అమ్మేసి బెంగుళూరో చెన్నైయో పోదాం అనుకునేవాళ్ళు ఈ అంకె తెలుసుకోవాల, ఎందుకంటే అమ్మిన డబ్బులోంచి ముందు 26 లక్షలు బ్యాంకుకే పోతాయి.

మా తమ్ముడి నూటొక్క రూపాయి

పైన లెక్కలన్నీ రేటు 20 ఏళ్ళు కదలకుండా ఉంటే. మన హోమ్ లోన్లు ఎక్కువ భాగం ఫ్లోటింగ్, అంటే రేటు మధ్యలో మారేవి. 2019 అక్టోబరు నుంచి బ్యాంకులు ఇచ్చే కొత్త ఫ్లోటింగ్ హోమ్ లోన్లు బ్యాంకు చేతిలో లేని బయటి రేటుకి (బెంచ్‌మార్క్) ముడి పెట్టాలని ఆర్‌బీఐ రూలు, చాలా బ్యాంకులు రెపో రేటుకే, అంటే ఆర్‌బీఐ బ్యాంకులకి అప్పిచ్చే రేటుకే, ముడి పెట్టినాయి. రెపో పెరిగితే మన రేటూ పెరుగుతుంది.

మా తమ్ముడు 2021 చివర్లో 25 లక్షలు తీసుకున్నాడు, 6.75 శాతం, 20 ఏళ్ళు, ఈఎంఐ 19,009. అప్పుడు రెపో 4 శాతం. 2022 మేలో పెంచడం మొదలుపెట్టి 2023 ఫిబ్రవరికి 6.50 చేసినారు, వాడి రేటు 9.25 అయింది. ఈఎంఐ మాత్రం అదే 19,009 కట్ అవుతా ఉంది, వాడు ఏం మారలేదులే అని హాయిగా ఉన్నాడు. మార్చిలో ఒకరోజు స్టేట్‌మెంట్ తీసి నాకు వాట్సాప్ చేసి "అన్నా ఇదేందో చూడు" అన్నాడు. బాకీ 24 లక్షల 53 వేలు, ఆ నెల వడ్డీ 18,908. అసలుకి పోయింది 101 రూపాయలు. పెళ్ళిలో చదివింపులు రాయించినట్టు నూటా ఒక్క రూపాయి!

బ్యాంకు ఏం చేసిందంటే ఈఎంఐ పెంచకుండా నెలలు పెంచుకుంటూ పోయింది. ఎందుకు చెప్పలేదని అడిగితే కౌంటర్లో ఉన్నాయన మెసేజ్ పంపినాం కదా అన్నాడు, ఆ మెసేజ్ వెతికితే ఇంగ్లీషులో ఒక లైను, రేటు రివైజ్ అయింది అని. తమ్ముడు లెటర్ రాసిచ్చి ఈఎంఐ 23,000 చేయించుకున్నాడు, అప్పుడుగానీ లోన్ మళ్ళీ 20 ఏళ్ళ దారిలో పడలేదు.

ఇట్టాంటివి చాలా చోట్ల జరిగినాకే 2023 ఆగస్టులో ఆర్‌బీఐ రూలు పెట్టింది. రేటు మారినప్పుడు ఈఎంఐ పెంచాలా, నెలలు పెంచాలా, రెండూ రొంచెం రొంచెం పెంచాలా అని మనల్ని అడగాల, మూడు నెలలకోసారి స్టేట్‌మెంట్ ఇయ్యాల, ఈఎంఐ ఆ నెల వడ్డీకి కూడా చాలకుండా పోయే పరిస్థితి రానీకూడదు. మీకు మెసేజ్ వస్తే తుడిచేయకండి, బ్యాంకుకి పోయి "ఇప్పుడు నాకు ఎన్ని నెలలు మిగిలినాయి" అని ఒక్క ప్రశ్న అడగండి చాలు. మా మామ లోన్‌కే 8.5 కాస్తా 9.5 అయ్యి ఈఎంఐ అట్టే ఉంచితే 240 నెలలు 309 అవుతాయి. ఒక్క శాతానికి ఐదేళ్ళ తొమ్మిది నెలలు.

రేటు తగ్గినప్పుడు కూడా ఇదే చూసుకోవాల. 2025లో ఫిబ్రవరి నుంచి జూన్ లోపల రెపో 6.50 నుంచి 5.50కి వచ్చింది. బ్యాంకు ఈఎంఐ తగ్గిస్తామంటే వద్దు, ఈఎంఐ అట్టే ఉంచి నెలలు తగ్గించండి అని చెప్పండి. పాత ఎంసీఎల్ఆర్ (బ్యాంకు తన సొంత లెక్కతో పెట్టే రేటు) లోన్ ఉన్నా, హౌసింగ్ ఫైనాన్స్ కంపెనీ లోన్ ఉన్నా ఈ తగ్గింపు దానంతటది అంత త్వరగా రాదు, కొత్త రేటుకి మార్చమని మనమే అడగాల, చిన్న కన్వర్షన్ ఫీజు తీసుకుంటారు, అది ఎన్ని నెలల్లో తిరిగొస్తుందో లెక్కేసుకోండి.

ఈఎంఐలో కనపడని ఖర్చులు

40 లక్షల ఫ్లాట్ అంటే 40 కాదు. మన ఆంధ్రప్రదేశ్‌లో సేల్ డీడ్‌కి స్టాంప్ డ్యూటీ 5, ట్రాన్స్‌ఫర్ డ్యూటీ ఒకటిన్నర, రిజిస్ట్రేషన్ ఫీజు 1, మొత్తం ఏడున్నర శాతం. అది 3 లక్షలు. 10 లక్షలు దాటిన ఇంటికి లోన్ లెక్కలో బ్యాంకు దీన్ని కలపదు, చేతినుంచే పెట్టుకోవాల. కట్టుబడిలో ఉన్న ఫ్లాట్ అయితే జీఎస్టీ 5 శాతం, 45 లక్షల లోపు ఉండి సైజు కూడా పరిమితిలో ఉంటే 1 శాతం, పూర్తయ్యి ఆక్యుపెన్సీ సర్టిఫికెట్ వచ్చినదానికి జీఎస్టీ లేదు. ప్రాసెసింగ్ ఫీజు, లాయర్ ఒపీనియన్, వాల్యుయేషన్, బ్యాంకులో పత్రాలు పెట్టినట్టు రిజిస్టర్ చేసే ఖర్చు, ఇవన్నీ వేరే.

ఇక్కడే మనోళ్ళు చేసేదొకటి ఉంది. ఆ 3 లక్షలకి చీటీ ముందే పాడేసుకుంటారు, లేకపోతే ఆడోళ్ళ నగలు కుదవ పెడతారు. 5 లక్షల చీటీ 90 వేలు వదులుకుని పాడుకుంటే ఆ 90 వేలూ ఇంటి ఖర్చే, గోల్డ్ లోన్ వడ్డీ కూడా ఇంటి ఖర్చే, ఈఎంఐ కాలిక్యులేటర్లో అది రాదు. మామ చేతిలో ఉన్న 10 లక్షల్లో 2 లక్షలు అట్టా వచ్చినవే అని తర్వాత తెలిసింది, అత్త చెప్పింది, మామ చెప్పలా.

ఇన్సూరెన్స్ గురించి నా సొంత బాధ ఒకటి. నా లోన్ అప్పుడు సంతకాలు పెడతా ఉంటే మధ్యలో ఒక కాగితం వచ్చింది, లోన్ ఇన్సూరెన్స్, 90 వేలు, "కంపల్సరీ సార్, మీరు చేతినుంచి కట్టక్కర్లేదు, లోన్‌లోనే కలిపేస్తాం" అన్నారు. కట్టక్కర్లేదు అనేసరికి సంతకం పెట్టేసినా. 90 వేలు లోన్‌లో కలిస్తే 8.5 మీద నెలకి 781 రూపాయలు, 20 ఏళ్ళకి 1 లక్షా 87 వేలు. అది కంపల్సరీ అని ఆర్‌బీఐ రూలేం లేదని తర్వాత తెలిసింది. ఇల్లు తీసుకున్నోళ్ళకి టర్మ్ ఇన్సూరెన్స్ ఉండాల్సిందే, నేను వద్దనను, కానీ అది బయట విడిగా తీసుకుని ఏడాదికోసారి కట్టుకోండి, లోన్‌లో కలపనీకండి.

వీటన్నిట్నీ ఒకచోట చూడాలంటే కీ ఫ్యాక్ట్ స్టేట్‌మెంట్ అడగండి. 2024 అక్టోబరు నుంచి కొత్త రిటైల్ లోన్లన్నిటికీ ఇది ఇయ్యాల్సిందే, అందులో ఏపీఆర్ అని ఒక అంకె ఉంటుంది, ఫీజులు కూడా కలిపి ఏడాదికి నిజంగా ఎంత శాతం పడుతుందో అది చెప్తుంది. రెండు బ్యాంకుల్ని పోల్చేటప్పుడు బోర్డు మీద రేటు కాకుండా ఏపీఆర్ పక్కపక్కన పెట్టి చూడండి.

కట్టుబడిలో ఉన్నదానికి ఇంకోటి, ప్రీ ఈఎంఐ. బిల్డరుకి విడుదలైన డబ్బు మీద వడ్డీ మాత్రమే కడతా ఉంటాం, అసలు ఒక్క రూపాయి తగ్గదు. 20 లక్షలు విడుదలయ్యి 18 నెలలు లేటయితే 2 లక్షల 55 వేలు అట్టా పోతాయి, పైగా ఉన్న ఇంటికి బాడుగ కూడా కడతానే ఉండాల. మన కొండ మీది వడ్డీకాసులవాడు కుబేరుడికి కట్టేది ఈ పద్ధతిలోనే అంటారు, ఆయనకైతే హుండీ ఉంది.

టాక్స్ మిగుల్తుంది కదా అంటారు

ఆదాయపు పన్ను పాత రెజీమ్‌లో ఉంటే సొంతంగా ఉండే ఇంటికి వడ్డీ మీద ఏడాదికి 2 లక్షల దాకా తగ్గింపు, అసలుకి మిగతా పొదుపులతో కలిపి లక్షన్నర దాకా. 30 శాతం స్లాబ్ అయితే 2 లక్షలకి సెస్‌తో కలిపి 62,400 మిగుల్తుంది. మొదటి ఏడాది కట్టే వడ్డీ 2 లక్షల 53 వేలు. రెండున్నర లక్షలు పోగొట్టుకుని అరవై వేలు వెనక్కి తెచ్చుకోవడం, ఉన్న లోన్‌కి వస్తే మంచిదే, కానీ దానికోసం లోన్ ఉంచుకోవడం మాత్రం అర్థం లేని పని. కొత్త రెజీమ్‌లో మనం ఉండే ఇంటికి ఆ 2 లక్షలు లేదు.

తగ్గించుకునే దారులు

వ్యక్తులు తీసుకున్న ఫ్లోటింగ్ హోమ్ లోన్ ముందే కట్టేస్తే పెనాల్టీ వేయకూడదు, ఈ రూలు 2012 నుంచి బ్యాంకులకి ఉంది. కాబట్టి ఎప్పుడు కడతాం అన్నదే లెక్క. మామ లోన్‌లో మొదటి ఏడాది చివర 2 లక్షలు అదనంగా కట్టి ఈఎంఐ అట్టే ఉంచితే 34 నెలలు తగ్గుతాయి, వడ్డీ 6 లక్షల 87 వేలు మిగుల్తుంది. అదే 2 లక్షలు పదిహేనో ఏడాది చివర కడితే మిగిలేది 94 వేలు. అవే రెండు లక్షలు!

ఒకేసారి అంత లేకపోతే ఏడాదికి ఒక్క ఈఎంఐ ఎక్కువ కట్టండి, బోనస్ వచ్చినప్పుడో, చీటీ వచ్చినప్పుడో. 20 ఏళ్ళ లోన్ 16 ఏళ్ళ 8 నెలలకి వచ్చేస్తుంది, 6 లక్షల పైన మిగుల్తుంది. నాకు నచ్చింది ఇంకోటి, జీతం పెరిగినప్పుడల్లా ఈఎంఐ కూడా ఏడాదికి 5 శాతం పెంచుకుంటూ పోవడం, మొదట 26 వేలు, మరుసటేడు 27,300, అట్టా. పన్నెండేళ్ళు దాటి రెండు మూడు నెలలకి లోన్ అయిపోతుంది, దాదాపు 11 లక్షల 70 వేలు మిగుల్తుంది. అదనంగా కట్టిన ప్రతిసారీ ఈఎంఐ తగ్గించకండి, టెన్యూర్ (నెలలు) తగ్గించండి అని రాసియ్యండి, ఏమీ చెప్పకపోతే మనకి పనికిరాని పద్ధతి పెట్టేస్తారు ఒక్కోసారి.

అట్టాగని చేతిలో ఉన్నదంతా ఊడ్చి కట్టేయకండి. ఆరు నెలల ఈఎంఐ పక్కన ఉండాల. గోల్డ్ లోన్, క్రెడిట్ కార్డ్ బాకీ ఉంటే ముందు అవి తీర్చండి, వాటి వడ్డీ ముందర హోమ్ లోన్ వడ్డీ నిజంగానే డెబ్బై పైసలే. ఇంకో మాట, 62 లక్షలు అని చూసి మరీ బెదిరిపోకండి కూడా, ధరలు ఏడాదికి 6 శాతం పెరుగుతాయనుకుంటే చివరి నెల కట్టే 26 వేలు ఇవాళ్టి 8 వేలతో సమానం. మామ ఇప్పుడు కడతా ఉన్న బాడుగ కూడా పెరుగుతానే ఉంటుంది. లోన్ తీసుకోవద్దు అని నేను చెప్పట్లా.

వేరే బ్యాంకుకి మార్చుకునేటప్పుడు ఒక ఉచ్చు ఉంది, చూసుకోండి. పదేళ్ళు కట్టి 21 లక్షలు మిగిలినాక ఒకాయన 7.75కి ఇస్తా, ఈఎంఐ 17,240కి దిగిపోతుంది అంటాడు. వినడానికి నిండా బాగుంటుంది. కానీ అది మళ్ళీ 20 ఏళ్ళకి, మొత్తం 41 లక్షల 37 వేలు, పాత లోన్‌నే ఉంచుకుంటే మిగిలిన పదేళ్ళకి 31 లక్షల 24 వేలతో అయిపోయేది. మారితే మిగిలిన ఏళ్ళకే మారండి, ప్రాసెసింగ్ ఫీజు, మళ్ళీ పత్రాల రిజిస్ట్రేషన్ ఖర్చు తీసేసినాక ఎంత మిగుల్తుందో చూసి మారండి.

లోన్ తీరిపోయినాక కూడా పని ఉంటుంది. ఒరిజినల్ పత్రాలు 30 రోజుల్లోపల బ్యాంకు తిరిగియ్యాల, 2023 డిసెంబరు నుంచి లేటయితే రోజుకి 5,000 చొప్పున మనకియ్యాలని రూలు. నో డ్యూ సర్టిఫికెట్ తీసుకుని, రిజిస్ట్రార్ ఆఫీసులో బ్యాంకు పేరు తీయించి, ఒక వారం ఆగి కొత్త ఈసీ (ఆస్తి మీద ఎవరి బాకీ ఉందో చూపించే కాగితం) తీసి చూసుకోండి. మామ చివరికి 15 ఏళ్ళ టెన్యూర్‌కే లోన్ అడిగినాడు, అత్త నగలు ముందు విడిపించుకుని రమ్మని నేనన్నా, వచ్చే సోమవారం పోతాడంట.